పోయినవాళ్ళు వచ్చి చెప్పుకోలేరు కదా!

మొన్న డిసెంబరు నెలాఖరులో ఒక సాయంత్రం. ప్రొద్దుటూరులో మా ఇంట్లో అత్తగారు చాటలో చెనిక్కాయలు పోసుకుని ఒలుస్తున్నారు. ఎనిమిదో తరగతి చదివే మా పాప ఆమె పక్కనే కూర్చుని లెక్కలు చేసుకుంటోంది. నేను వంటింట్లో సంగటికి ఎసరు పెట్టి, ఒక చెవి టీవీ వైపు పడేసి ఉన్నాను. సావిత్రి వర్ధంతికని ఏదో ప్రత్యేక కార్యక్రమం వస్తోంది. విషాద సంగీతం, బొంగురు గొంతుతో వ్యాఖ్యానం, మధ్యమధ్య ఉరుములు, మెరుపులు. “ఆ రాత్రి అసలేం జరిగింది?” అని అడిగి, జవాబు చెప్పకుండానే ప్రకటనల్లోకి వెళ్ళిపోయారు.

అప్పుడు మా పాప నోటుబుక్కులోంచి తల ఎత్తకుండానే అడిగింది. “అమ్మా, సావిత్రి అంటే తాగి తాగి చచ్చిపోయినామె కదా?”

చాటలో చప్పుడు ఆగిపోయింది.

“ఎవురు జెప్పినారు పాపా నీకా మాట?” అన్నారు మా అత్తగారు.

“టీవీలోనే చెప్తాండారు కదవ్వా. ఫోన్లో గూడా ఉంది. ఆమె ఆస్పత్రిలో పండుకోనుండే ఫొటో గూడా ఉంది. సూపిచ్చాలా?”

“వద్దు తల్లీ” అని మా అత్తగారు మళ్ళీ ఒలవడం మొదలుపెట్టారు గానీ ఆ తర్వాత చాలాసేపు ఎవరితోనూ మాట్లాడలేదు. ఆమెకు డెబ్బై దాటాయి. పెండ్లికి ముందు తోబుట్టువులతో కలిసి నేలటికెట్టుకు వెళ్ళి ‘మూగమనసులు’ చూసిన మనిషి. ఆమెకు సావిత్రి అంటే ఏమిటో, మా పాపకు సావిత్రి అంటే ఏమిటో, ఆ రెండింటికీ మధ్య నేను గరిటె పట్టుకుని నిలబడిపోయాను.

పాపను తప్పు పట్టి ఏం లాభం? నిజం చెప్పాలంటే నాకు మాత్రం ఏం తెలుసు! సావిత్రి 1981 డిసెంబరు 26న మద్రాసులో కన్నుమూసింది. నేను పుట్టింది ఆ తర్వాత ఆరేళ్ళకు. ఆమె బతికుండగా వచ్చిన కొత్త సినిమా ఒక్కటి కూడా నేను చూడలేదు. నాకు తెలిసిన సావిత్రి అంతా చనిపోయిన తర్వాత సావిత్రే. చిన్నప్పుడు దూరదర్శన్‌లో వచ్చే పాత సినిమాలు, ఆ తర్వాత చానెళ్ళలో కార్యక్రమాలు, ఇప్పుడు ఫోను. ఈ మూడు మెట్లు దిగేసరికి సినిమాలు పోయి చావు ఒక్కటే మిగిలింది.

నేను డిగ్రీ చదివేటప్పుడు కాలేజీ వార్షికోత్సవంలో ఒక నాటకంలో వేషం వేస్తానని ఇంట్లో అడిగాను. “సావిత్రికి ఏం గతి పట్టిందో తెలుసు కదా” అన్నారు మా నాన్న. ఆయన చెడ్డవాడు కాదు, నన్ను డిగ్రీ దాకా చదివించిన మనిషి. కానీ నాటకం మాటెత్తగానే ఆయనకు గుర్తొచ్చింది ‘మిస్సమ్మ’ కాదు, ఆస్పత్రి మంచం. అంత మాట అన్నాక ఇంకేం వాదిస్తాం? నేను వేషం వేయలేదు. మన ఇళ్ళలో ఎంతమంది ఆడపిల్లలకు ఈ మాట అడ్డం పడి ఉంటుందో ఆలోచించండి. పాటకు, నాట్యానికి, ఆఖరికి ఒంటరిగా పట్నం వెళ్ళి ఉద్యోగం చేయడానికి కూడా సావిత్రి కథే చెప్పి ఆపుతారు.

ఆ ఫొటో సంగతి చెప్పాలి. మీరూ చూసే ఉంటారు. కోమాలో ఉన్నప్పటిది. 19 నెలలు ఆమె ఆ స్థితిలో ఉంది. ఒళ్ళు శుష్కించి, మనం ఎరిగిన ముఖం ఛాయలు కూడా పోయి ఉంటాయి అందులో. కెమెరా ముందు కనురెప్ప ఎంత ఎత్తాలో, పెదవి ఎంత కదపాలో తెలిసిన మనిషి ఆమె. ఆ ఒక్క ఫొటో మాత్రం ఆమె ఒప్పుకుని తీయించుకున్నది కాదు. ఒప్పుకోవడానికి, వద్దనడానికి ఆమెకు స్పృహ లేదు. ఏ ఫొటోలో ఆమె ఇష్టం లేదో సరిగ్గా దాన్నే పట్టుకుని, పక్కన ఎర్రటి గుండ్రం గీసి, నలభై ఏళ్ళకు పైగా అయినా తిప్పి తిప్పి చూపిస్తున్నారు. మన ఇంట్లో పెద్దావిడ మంచాన పడితే, చూడవచ్చిన వాళ్ళు ఫోను తీస్తే ఊరుకుంటామా?

మరి చూపించనివి ఏమిటి? 1968లో ఆమె ‘చిన్నారి పాపలు’ సినిమాకు దర్శకత్వం వహించింది. సంగీతం పి.లీల. నిర్మాణం, కథ వంటి ముఖ్యమైన పనులన్నీ ఆడవాళ్ళే చూసుకున్నారు. ఆ రోజుల్లో అది మాటలా? సినిమా ఆడలేదు, డబ్బు పోయింది. మన కార్యక్రమాల్లో ఆ సినిమా ‘ఆస్తులు పోగొట్టుకున్న కారణాల’ జాబితాలో ఒక లైనుగా వస్తుంది తప్ప, యాభై ఏళ్ళ కిందట ఒక ఆడమనిషి ఆడవాళ్ళను కూడగట్టి సినిమా తీసిందన్న మాటగా రాదు. ఆ తర్వాత కూడా ఆమె ఊరుకోలేదు, 1969లో ‘మాతృదేవత’ తీసింది. తన ‘మూగమనసులు’నే 1971లో తమిళంలో ‘ప్రాప్తం’గా తీసింది. పడినా మళ్ళీ లేచి పని చేసిన మనిషి కథ కదా ఇది! తాగుడున్న మగ నటులు మనకు లేరా? వాళ్ళ గురించి చెప్పేటప్పుడు “మహానటుడు, పాపం తాగేవాడు” అంటాం. సావిత్రి దగ్గరికొచ్చేసరికి తాగుడు ముందుకొచ్చి మహానటి వెనక్కి పోతుంది.

2018 మే 9న ‘మహానటి’ సినిమా వచ్చినప్పుడు మా వీధి ఆడవాళ్ళమంతా కలిసి వెళ్ళాం. కీర్తి సురేష్ చాలా బాగా చేసింది, జాతీయ అవార్డు కూడా వచ్చింది. ఈ తరం పిల్లలకు ఆ పేరు మళ్ళీ తెలిసిందంటే ఆ సినిమా చలవే. కాదనను. అయితే జెమినీ గణేశన్ కుమార్తె డాక్టర్ కమలా సెల్వరాజ్ తన తండ్రిని చూపించిన తీరు న్యాయంగా లేదని బహిరంగంగానే బాధపడింది. ఎవరి మాట నిజమో తేల్చడానికి మనమెవరం! కానీ ఇందులో ఒక చిక్కుంది. సినిమాలో కథ కోసం అల్లిన సన్నివేశాలు ఇప్పుడు జరిగిన సంగతులుగా చెలామణీ అవుతున్నాయి. మా పాప స్నేహితురాలు ఒకమ్మాయి కీర్తి సురేష్ బొమ్మ చూపించి “ఇదే సావిత్రి” అంది. అసలు సావిత్రి ఫొటో చూపిస్తే గుర్తుపట్టలేదు.

రాత్రి భోజనాలయ్యాక మా అత్తగారు నెమ్మదిగా అన్నారు. “సావిత్రి సంగతి సరే. మనూరి శాంతకుమారి సంగతి ఎవురన్నా చెప్తాండారా?”

నేను తెల్లబోయాను. శాంతకుమారి అంటే పాత సినిమాల్లో తల్లి వేషాలు వేసే ఆమె అని తెలుసుగానీ, మా ఊరు అని నాకు పెండ్లై ఇన్నేళ్ళయినా తెలియదు! తర్వాత వెతికి చదువుకుంటే ఆశ్చర్యం వేసింది. ఆమె అసలు పేరు వెల్లాల సుబ్బమ్మ. 1920లో ప్రొద్దుటూరులో పుట్టింది. 1936లో వచ్చిన ‘శశిరేఖా పరిణయం’లో శశిరేఖ ఈమే! అంటే మనమంతా సావిత్రిలో చూసుకునే శశిరేఖ, అంతకు 21 ఏళ్ళ ముందు మన ప్రొద్దుటూరు పిల్ల. అంతటితో అయిపోలేదు. 1939లో భర్త పి.పుల్లయ్య తీసిన వేంకటేశ్వర మహాత్మ్యం సినిమాలో ఆమె పద్మావతి. మళ్ళీ 1960లో అదే పుల్లయ్య ‘శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం’ తీస్తే సావిత్రి పద్మావతి అయింది, శాంతకుమారి వకుళమాత అయింది. రెండుసార్లు తను వేసిన వేషం సావిత్రికి వెళ్ళింది. రెండోసారి తనే పక్కన తల్లిగా నిలబడి ఉంది. పాటలు పాడింది, భర్తతో కలిసి సినిమాలు తీసింది, ముసలితనం దాకా బతికి 2006 జనవరిలో, 85 ఏళ్ళ వయసులో పోయింది.

ఏ చానెల్లోనైనా ఆమె మీద ఉరుములు మెరుపులతో గంట కార్యక్రమం చూశారా మీరు? నేను చూడలేదు. ఎందుకు వేస్తారు? అడగడానికి “ఆ రాత్రి” ఏదీ లేదు ఆమె జీవితంలో. చక్కగా బతికి, చక్కగా పోయిన ఆడమనిషి వాళ్ళకు పనికిరాదు. మా వీధిలో పదిమందిని అడిగాను, శాంతకుమారి మన ఊరే తెలుసా అని. ఒక్కరికి తెలుసు, ఆయన మా అత్తగారి కంటే పెద్దవాడు.

పాత సినిమాలతో మన జిల్లాకు ఇంత సంబంధం ఉందా అనిపిస్తుంది తవ్వుకుంటూ పోతే. ‘మిస్సమ్మ’, ‘మాయాబజార్’ తీసిన విజయా సంస్థ నాగిరెడ్డి, చక్రపాణిలది. నాగిరెడ్డి, ఆయన అన్న బి.ఎన్.రెడ్డి పులివెందుల వైపు పల్లెల నుంచి మద్రాసు వెళ్ళినవాళ్ళే. పద్మనాభంది పులివెందులకు దగ్గరే ఉన్న సింహాద్రిపురం. 1965లో ఆయన సొంతంగా ‘దేవత’ తీస్తే అందులో నాయిక సావిత్రి. మనవాళ్ళు మద్రాసుకు వెళ్ళి తయారుచేసిన ముఖాన్ని మనమే ఇప్పుడు ఇట్లా చూస్తున్నాం.

సావిత్రి ఒక్కతేనా? 2018 ఫిబ్రవరి 24న దుబాయిలో శ్రీదేవి పోయింది. ముందు గుండెపోటు అన్నారు. రెండు రోజులకు, స్పృహ తప్పి ప్రమాదవశాత్తూ నీళ్ళలో మునిగిపోయిందని అక్కడి అధికారులు ప్రకటించారు. ఇక చూడండి మన చానెళ్ళు! స్నానపు తొట్టె బొమ్మ వేసి అందులో శ్రీదేవిని తేలించారు. ఒక తెలుగు చానెల్ విలేఖరి అయితే తనే స్వయంగా తొట్టెలో పడుకుని చూపించాడు. ఆ రోజు మా ఇంట్లో పదిమంది చుట్టాలున్నారు. ఒకరు నవ్వారు, ఒకరు ఛీ అన్నారు, టీవీ మాత్రం ఎవరూ కట్టలేదు. నాలుగేళ్ళ వయసు నుంచి నటించిన మనిషి, ఇద్దరు ఆడపిల్లల తల్లి. ఆ పిల్లలు ఎక్కడో ఆ బొమ్మ చూస్తారు కదా అన్న ఆలోచన నాకు కూడా మర్నాటికి గానీ రాలేదు.

సౌందర్య మాటకొస్తే నా ఈడువాళ్ళందరికీ మనసు కలుక్కుమంటుంది. 2004 ఏప్రిల్ 17న బెంగుళూరులో విమానం ఎక్కి, ఎన్నికల ప్రచారానికి కరీంనగర్ పోతూ, అన్నతో పాటే కాలిపోయింది. ముప్పై ఒక్క ఏళ్ళు. చీరలో అంత హుందాగా కనిపించిన నాయికను మా తరం మళ్ళీ చూడలేదు. ఆమె ఆస్తి గురించి, వీలునామా గురించి, ఆఖరి మాటల గురించి ఇప్పటికీ ఫోన్లో రోజుకొకటి వస్తూనే ఉంటుంది. 2025లో, పోయిన 21 ఏళ్ళకు, ఆ ప్రమాదం హత్య అంటూ ఎవరో ఫిర్యాదు చేస్తే రెండు రోజులు అదే గోల. అవన్నీ అబద్ధాలని, దయచేసి ఆపమని ఆమె భర్త రఘు ప్రకటన ఇచ్చుకోవలసి వచ్చింది. ఇన్నేళ్ళ తర్వాత మళ్ళీ ఆ గాయం కెలుక్కుని ఆయన ఎందుకు జవాబు చెప్పుకోవాలి చెప్పండి?

ఇదంతా ఎందుకు చేస్తారంటే పెద్ద రహస్యమేమీ లేదు. బతికున్న తారను పిలవాలంటే సమయం అడగాలి, ఆమె ఒప్పుకోవాలి, ఇష్టం లేని ప్రశ్నకు లేచి వెళ్ళిపోవచ్చు. పోయినవాళ్ళతో ఆ బాధ లేదు. పాత సినిమా ముక్కలు నాలుగు, ఫొటోలు పది, ఒక గొంతు ఉంటే గంట గడిచిపోతుంది. పుట్టినరోజుకు ఒకసారి, పోయినరోజుకు ఒకసారి అదే వడ్డించవచ్చు. ఫోన్లలోనైతే ఎంతమంది చూస్తే అంత ఆదాయం. “కన్నీళ్ళు ఆగవు” అని పైన రాసి లోపల ఏమీ ఉండదు. చూసేది ఎవరూ అంటే, మధ్యాహ్నం అంట్లు తోమి నడుం వాల్చిన మనమే.

చట్టం ఏమీ లేదా అంటే ఉంది. చనిపోయిన మనిషి మీద వేసిన నింద, ఆ మనిషి బతికుంటే పరువు తీసేదై, కుటుంబం మనసు నొప్పించాలనే ఉద్దేశంతో వేసినదైతే అది కూడా పరువు నష్టమేనని పాత శిక్షాస్మృతి 499వ సెక్షన్లో ఉండేది. 2024 జులై 1 నుంచి అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో అది 356వ సెక్షను. కానీ ఉద్దేశం రుజువు చేయడం ఎంత కష్టమో వేరే చెప్పాలా? జయలలిత మీద సినిమా తీస్తుంటే ఆమె మేనకోడలు కోర్టుకు వెళ్ళింది. మనిషితోనే ఆ మనిషి గోప్యత హక్కు కూడా పోతుందని మద్రాసు హైకోర్టు 2021లో చెప్పింది. అదే ఏడాది జనవరిలో బొంబాయి హైకోర్టు మాత్రం, ఆత్మహత్య కేసుల్లో పోయినవాళ్ళను బలహీన మనస్కులుగా చిత్రించకూడదని, జరిగిన చోటును కల్పించి చూపకూడదని చానెళ్ళకు గట్టిగా చెప్పింది. చెప్పడం అయింది.

మన జిల్లా వాళ్ళకు ఇది ఎక్కడో మద్రాసు, బొంబాయిల సంగతి కాదు. 2009 సెప్టెంబరు 2న ముఖ్యమంత్రి వై.ఎస్.రాజశేఖరరెడ్డి ఎక్కిన హెలికాప్టరు నల్లమలలో కనిపించకుండా పోయినప్పుడు నేను పులివెందులలో మా చిన్నమ్మ కూతురింట్లో ఉన్నాను. ఆ రాత్రంతా వీధిలో ఏ ఇంట్లోనూ పొయ్యి వెలగలేదు. మర్నాడు పావురాల గుట్ట మీద దొరికిందన్న వార్త వచ్చాక ఊరు ఊరంతా రోడ్డు మీదికొచ్చి ఏడ్చింది. పార్టీల సంగతి అట్లుంచండి, ఆ ఏడుపు నిజమైనది, నేను చూశాను. అయితే టీవీ ఆ ఏడుపును వదల్లేదు. అదే గుట్ట, అదే ముక్కలు, అదే నవ్వు ముఖం, చెయ్యి ఊపుతూ వెళ్ళిపోయే అదే దృశ్యం. రోజుకు వందసార్లు. మా చెల్లెలి కొడుకు అప్పుడు మూడేళ్ళవాడు, ఆయన ఇంకా బతికే ఉన్నాడనుకుని టీవీకి చెయ్యి ఊపేవాడు.

నాలుగు నెలలకు, 2010 జనవరి 7న, ఎక్కడో విదేశీ వెబ్‌సైటులో ఎవరో రాసిన ఊహను పట్టుకుని ఆ మరణం వెనక కుట్ర ఉందని చానెళ్ళు ప్రసారం చేశాయి. ఆ రాత్రే రాష్ట్రమంతటా ఒక వ్యాపార సంస్థ దుకాణాల మీద రాళ్ళు పడ్డాయి. ఆ తర్వాత చానెల్ జర్నలిస్టులను అరెస్టు చేశారు. ప్రమాదం మీద వేసిన విచారణ కమిటీ చెప్పింది దట్టమైన మేఘాలు, వాతావరణం గురించి. ఆ నివేదిక ఎంతమందికి గుర్తుంది? ఆ రాత్రి వార్త మాత్రం అందరికీ గుర్తుంది.

ఇప్పుడు ఇంకో మెట్టు దిగాం. బాలసుబ్రహ్మణ్యానికి సినిమాలో మొదటి పాట ఇచ్చింది మన సింహాద్రిపురం పద్మనాభమే, 1966లో, ‘శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న’ కోసం. బాలు 2020 సెప్టెంబరు 25న పోయాడు. ఆస్పత్రి బిల్లు కట్టందే ఇవ్వమన్నారని పుకారు పుట్టిస్తే, తండ్రి పోయిన దుఃఖంలో ఉన్న కొడుకు చరణ్ బయటకొచ్చి అదంతా అబద్ధమని చెప్పుకోవలసి వచ్చింది. ఆ తర్వాత 2023లో ‘కీడా కోలా’ అనే సినిమాలో ఆ గొంతును యంత్రంతో మళ్ళీ పుట్టించారు, ఇంట్లోవాళ్ళను అడగకుండానే. చరణ్ లాయరు నోటీసు పంపాడు. వినేవాళ్ళకు సంతోషమే కావచ్చు. అయితే ఏ పాట పాడాలో, ఏది పాడకూడదో ఎంచుకునే మనిషి ఆ గొంతు వెనక లేడు.

ఇంతమందిని ఇన్ని మాటలన్నాను కదా. ఇక నా సంగతి.

జమ్మలమడుగులో మా చిన్నమ్మ ఉండేది. మిషను కుట్టేది. చిన్నాయన సంపాదన అంతంత మాత్రం, ఆమె మిషను మీదే ఇల్లు నడిచింది. పన్నెండేళ్ళ కిందట ఒక ఉదయం ఆమె ఒంటరిగా జీపెక్కి పులివెందులకు బయలుదేరింది. ముద్దనూరు దాటాక జీపు బోల్తా పడింది. వెనక కూర్చున్న వాళ్ళకు దెబ్బలు తగిలాయి. ముందు సీటులో, డ్రైవరు పక్కన కూర్చున్న మా చిన్నమ్మ ప్రాణం పోయింది.

శవం ఇంటికి రాకముందే ఊళ్ళో మాట మొదలైంది. “ఇంట్లో చెప్పకుండా యాడికి పోతాండె?” “అంత పొద్దున్నే ఏం పని?” “వెనక అంత జాగా పెట్టుకోని ముందు సీట్లో ఎందుకు కూచ్చునె?” ఆ ముందు సీటు పట్టుకుని జమ్మలమడుగు నెల రోజులు నమిలింది.

నేను అప్పుడప్పుడే కథలు రాయడం మొదలుపెట్టాను. ఊరి మాటలు విని నాకు రక్తం ఉడికిపోయింది. చిన్నమ్మ తరఫున నిలబడాలనుకున్నాను. అందుకని ఒక కథ రాశాను. మొగుడి బాధలు పడలేక, తెగించి, ఒక తెల్లవారుజామున ఇల్లు విడిచి వెళ్ళిపోయే ఇల్లాలి కథ. జీపులో ముందు సీటులో కూర్చుని, గాలి ముఖానికి తగులుతుంటే మొదటిసారి స్వేచ్ఛగా నవ్వుతుంది. అంతలో ప్రమాదం. ఒక పత్రికలో అచ్చయింది. ఉత్తరాలు వచ్చాయి. చదివి ఏడ్చామని రాశారు. నా పేరు నలుగురికీ తెలిసింది ఆ కథతోనే.

పులివెందులలో ఉండే చిన్నమ్మ కూతురు ఆ కథ చదివిందని నాకు తెలుసు. ఆమె ఎప్పుడూ ఏమీ అనలేదు. ఆ తర్వాత పెండ్లిళ్ళకు, పేరంటాలకు కలిసినప్పుడు “బాగుండావా అక్కా” అనేది, అంతే. నేను కూడా అడగలేదు. అడగడానికి ధైర్యం చాలక, పనుల తొందర అని సర్దిచెప్పుకున్నాను.

మా పాప సావిత్రి గురించి అడిగిన మాట, ఒకటి రెండు రోజుల తర్వాత ఫోన్లో మాటల మీద చెల్లెలికి చెప్పాను. నవ్వుతుందనుకున్నాను. ఆమె కాసేపు ఊరకే ఉండి, “మా యమ్మను గూడా నువ్వు అంతే జేసినావు కదక్కా” అంది.

కోపంగా కూడా అనలేదు. ఎప్పటినుంచో నాలుక మీద పెట్టుకున్న మాట జారినట్టు అంది.

ఆ ఆదివారం నేను పులివెందులకు పోయాను. బస్సు ముద్దనూరు దాటుతుంటే కిటికీ వైపు చూడలేకపోయాను. చెల్లెలు కాఫీ ఇచ్చి కూర్చోబెట్టింది. ముందు పిల్లల సంగతులు, మందుల సంగతులు మాట్లాడుకున్నాం. తర్వాత తనే మొదలుపెట్టింది.

“మా నాయన అమ్మను ఎప్పుడూ ఒక్క మాట అన్ల్యాక్కా. సంపాయిచ్చల్యాకపాయె గానీ, మంచోడు. నీ కథ వచ్చినాక మా ఊర్లో మొగోళ్ళు ఆయన మొగం మీదనే అడిగినారు, ‘ఏం రెడ్డీ, అంత బాధ పెడ్తాంటివా?’ అని. ఆయన సచ్చిపొయ్యే దాంకా టీకొట్టు కాడికి పోల్యా.”

నేను తల దించుకున్నాను.

“ఆ పొద్దు అమ్మ ఇంట్లో చెప్పే పొయ్యింది. ఈడ మా ఇంటెనక పెండ్లి ఉన్న్యాది. వాళ్ళకు పదకొండు జాకెట్లు కుట్టింది. పెండ్లికూతురివి రెండు, మిగతావి ముత్తైదులకు. రేయంతా ఇస్త్రీ జేసి సంచిలో మడిచి పెట్టుకుండె. జీపులో వెనక జనం తొక్కితే ముడతలు పడతాయని ముందు కూచ్చుంటానని డ్రైవర్ను అడుక్కొనిందంట. ఆయన్నే చెప్పినాడు మాకు, ఆస్పత్రిలో.”

“నాకు ఎవరూ చెప్పలేదు కదే” అన్నాను. అన్న మరుక్షణమే ఆ మాట ఎంత సిగ్గుచేటో తెలిసింది.

“నువ్వు అడిగింటే కదక్కా.”

లేచి లోపలికి వెళ్ళి ఇనుప ట్రంకు పెట్టె ఈడ్చుకొచ్చింది. పెండ్లివాళ్ళు మంచివాళ్ళే, కుట్టుకూలి తెచ్చి ఇచ్చారట. పెండ్లి ఇంటికి మాత్రం ఆ జాకెట్లు తీసుకుపోలేదు. శుభకార్యం కదా, వాళ్ళను అనడానికి లేదు. పాత చీర కొంగులో మూటగట్టి ఉన్నాయి. ఒక్కొక్కటే తీసి చాప మీద పరిచింది. ఎరుపు, ఆకుపచ్చ, వంగపండు రంగు. రెండింటికి చేతుల అంచున జరీ వేసి ఉంది. నేను ఒకటి తిప్పి లోపలివైపు చూశాను. చేతి హెమ్మింగు. చీమల బారులాగా చిన్న చిన్న కుట్లు, ఒకదానికొకటి సమానంగా. ఒక జాకెట్టుకు హుక్కులు కుట్టి, ఆఖరి హుక్కు దగ్గర సూది దారం అట్లాగే గుచ్చి ఉంది. అక్కడికి పోయి కుడదామనుకుని ఉంటుంది.

“నీ కథలో ఈ సంచి ల్యాదు కదక్కా” అంది చెల్లెలు.

ఆ సూది తుప్పు పట్టి బట్టకు అంటుకుపోయింది. ఇద్దరం కలిసి మెల్లగా లాగితే వచ్చింది.